సవాయ్ థియేటర్‌కి కొత్త ఒపెరా ఎలా వచ్చేది?

అందరికీ నమస్కారం.

విక్టోరియా రాణి కాలంలో లండన్‌ని ఊపేసిన కామిక్ ఒపెరాలంటే గిల్బర్ట్ మాటలు, సలివన్ బాణీలు గుర్తొస్తాయి. ఈ సాయంత్రం నేను వాళ్లిద్దరికీ పని అప్పగించిన ప్రొడ్యూసర్, లండన్‌లో సవాయ్ థియేటర్ కట్టించిన రిచర్డ్ డోయ్లీ కార్ట్ గురించి చెబుతాను. ఆయన కథ చూసి ఒపెరా తీసుకోలేదు, మనుషుల్ని నమ్మి తీసుకున్నాడు. ఆయన గెలుపుకీ, తర్వాతి తడబాటుకీ కారణం అదేనని నా నమ్మకం.

1870ల్లో లండన్ ప్రొడ్యూసర్లకు సులువైన దారి పారిస్. అక్కడ ఆడేసిన ఒపెరాను ఇంగ్లీషులోకి మార్పించుకుంటే రిస్కు తక్కువ. 1875లో కార్ట్ మేనేజర్‌గా ఉన్న రాయల్టీ థియేటర్‌లోనూ పారిస్ సంగీతకర్త ఆఫెన్‌బాక్ ‘లా పెరికోల్’ ఆడుతోంది. దానికి జతగా ఒక చిన్న నాటిక కావలసి వచ్చింది. గిల్బర్ట్ దగ్గర ఓ కోర్టు కథ ఉంది. దానికి సంగీతం చేయాల్సింది కార్ల్ రోజా. ఆయన భార్య చనిపోవడంతో ఆ పని ఆగిపోయింది. సలివన్ చేత చేయిద్దామన్నాడు కార్ట్. అలా వచ్చిన ‘ట్రయల్ బై జ్యూరీ’కే జనం ఎగబడ్డారు.

తర్వాత కార్ట్ పెట్టించిన ఒపెరా కంపెనీలో మదుపుదార్లుగా మ్యూజిక్ పబ్లిషర్లు కూడా ఉన్నారు. మధ్యతరగతి ఇళ్లలో పియానోలున్న రోజులవి, హిట్టయిన పాట నోట్లు కూడా డబ్బు తెస్తాయి. సలివన్ షరతులు సూటిగా ఉన్నాయి: రాతప్రతి చేతికిచ్చినప్పుడు 200 గినీలు (గినీ అంటే పౌను మీద ఒక షిల్లింగు), ఆటకు 6 గినీలు. ముందిచ్చింది అందులోంచి తెగాలి కాబట్టి, దాదాపు 33 ఆటలు దాటాకే మళ్లీ చేతికి డబ్బు.

1883లో ముగ్గురూ రాసుకున్న అయిదేళ్ల ఒప్పందం మరీ ఆసక్తికరం. కొత్త ఒపెరా కావాలంటే కార్ట్ ఆర్నెల్ల ముందు నోటీసివ్వాలి, అంతే. ఏ కథ, ఎలాంటి కథ అన్నది వాళ్లిద్దరూ తేల్చుకోవాలి. 1884లో ‘ప్రిన్సెస్ ఐడా’ వసూళ్లు పడిపోగానే నోటీసిచ్చాడు. గిల్బర్ట్ మంత్రపు బిళ్ల కథ తెచ్చాడు, సలివన్ చేయనన్నాడు. కార్ట్ చేతిలో మరో కథ లేదు, మరో సంగీతకర్త లేడు. పాత ‘సార్సరర్’ని మళ్లీ వేసి నెట్టుకొచ్చాడు. అదృష్టం కొద్దీ గిల్బర్ట్ పట్టు సడలించి ‘మికాడో’ రాశాడు, 1885 నుంచి 672 ఆటలు ఆడింది. ఆ విజయం ఆ లోటును కప్పేసింది.

నిజానికి పనికొచ్చే మనుషులు కార్ట్ సొంత థియేటర్‌లోనే ఉన్నారు. అసలు ఒపెరాకు ముందు సవాయ్‌లో ఒక చిన్న నాటిక వేసేవారు. డిన్నర్ ముగించి తీరిగ్గా వచ్చే పెద్దమనుషులు దాన్ని చూసేవారు కాదు, ముందే వచ్చి కూర్చునే చవక టికెట్ల జనం చూసేవారు. వాటిలో చాలా వాటికి బాణీలు కట్టింది థియేటర్ కండక్టర్ ఫ్రాంస్వా సెల్లియర్. కార్ట్ బతికుండగా ఆయనకు సవాయ్‌లో పూర్తి నిడివి ఒపెరా ఒక్కటీ దక్కలేదు. ఇది నాకు బాధ కలిగించే విషయం. ఫ్రాంస్వా అన్న ఆల్‌ఫ్రెడ్ కూడా ఒకప్పుడు కార్ట్ దగ్గర కండక్టరే. 1886లో ఆల్‌ఫ్రెడ్ బాణీలు కట్టిన ఒపెరా ‘డొరొతీ’ గెయిటీ థియేటర్‌లో మొదలైంది. ప్రొడ్యూసర్ జార్జ్ ఎడ్వర్డ్స్‌కి నమ్మకం కుదరక దాన్ని తన అకౌంటెంట్‌ హెన్రీ లెస్లీకి అమ్మేశాడు. అది 931 ఆటలాడి ‘మికాడో’ని దాటేసింది, ఆ లాభంతో లెస్లీ లిరిక్ థియేటర్ కట్టించాడు! ‘డొరొతీ’లో చాలా సంగీతం ఆల్‌ఫ్రెడ్ తన పదేళ్ల కిందటి పాత ఒపెరాలోంచి తీసి వాడుకున్నదే.

1890లో గిల్బర్ట్ గొడవపడి వెళ్లిపోయాక కార్ట్ పేరున్నవాళ్ల వెంట పడ్డాడు. 1893లో ‘జేన్ ఆనీ’ రాసింది తర్వాత ‘పీటర్ పాన్’ రాసిన జె.ఎం. బారీ, షెర్లాక్ హోమ్స్ సృష్టికర్త కానన్ డాయిల్. 50 ఆటలకే తెర దించేశారు. రాయల్ అకాడెమీ ఆఫ్ మ్యూజిక్ ప్రిన్సిపాల్ మెకెంజీ చేసిన ‘హిజ్ మెజెస్టీ’ కూడా ఎక్కువ రోజులు నిలబడలేదు.

మళ్లీ ఊపిరి పోసింది మునుపు చిన్న నాటికలు రాసిన బేసిల్ హుడ్. 1899లో సలివన్‌తో కలిసి ‘రోజ్ ఆఫ్ పర్షియా’ ఇచ్చాడు, 200 ఆటలు దాటింది. సలివన్ మరణంతో మధ్యలో ఆగిన ‘ఎమరాల్డ్ ఐల్’ను సంగీతకర్త ఎడ్వర్డ్ జర్మన్ పూర్తిచేశాడు. 1902లో హుడ్, జర్మన్ ఇద్దరూ కలిసి సవాయ్‌కే ‘మెర్రీ ఇంగ్లండ్’ చేశారు. అందులోంచి రెండు పాటలు ఇప్పుడు వినిపిస్తాను.