ఇంగ్లిష్‌లో పేరు లేని నేల

అందరికీ నమస్కారం.

అమెరికా కవిత్వం అనగానే మనం విట్మన్‌తో మొదలుపెడతాం. ఈ రోజు ఆయన కంటే ముందు తరం కవి విలియం కలెన్ బ్రయంట్ రాసిన ఒకే ఒక్క కవిత గురించి మాట్లాడతాను. దాని పేరు ‘ది ప్రెయరీస్’.

1832లో బ్రయంట్ న్యూయార్క్‌లో పత్రికా సంపాదకుడు. ఇల్లినాయ్‌లో స్థిరపడిన తమ్ముళ్లను చూడటానికి వెళ్లి, అక్కడి గడ్డినేలల మీద గుర్రమెక్కి తిరిగాడు. ఈ నేలకి ఇంగ్లండు భాషలో పేరే లేదని కవిత మొదట్లోనే అనేశాడు. ప్రెయరీ అన్నది ఫ్రెంచి మాట మరి. తెలుగులోనూ నాకు సరైన మాట దొరకలేదు. బీడు అంటే సాగు మానేసిన చేను గుర్తొస్తుంది, మైదానం అంటే గడ్డి కనిపించదు.

కవితలో నాకు బాగా ఇష్టమైన చోటు ఒకటుంది. ఏపుగా పెరిగిన గడ్డి గుర్రం డొక్కలకి రాసుకుంటూ ఉంటుంది. డెక్కల చప్పుడు బోలుగా వినిపిస్తుంది. ఆ చప్పుడే అపచారంలా తోస్తుంది కవికి. కింద ఎవరో నిద్రపోతున్నారు కదా అనుకుంటాడు. ఎంత సున్నితమైన మనసు!

అందుకే ఆ తర్వాతి భాగం చదివితే నాకు బాధేస్తుంది. అక్కడి మట్టిదిబ్బలను ఎప్పుడో అంతరించిన వేరే జాతి కట్టిందనీ, ఆదివాసులు వచ్చి వాళ్లను తుడిచిపెట్టారనీ రాశాడు. ఆ రోజుల్లో చాలామంది నమ్మిన మాటే అది. కానీ ఆ దిబ్బలు కట్టింది ఆదివాసుల పూర్వీకులే. 1894లో పురావస్తు పరిశోధకుడు సైరస్ థామస్ నివేదిక ఆ సంగతి తేల్చింది. ఈలోగా ఆ కట్టుకథ ఎంత పని చేసిందో చూడండి. ఆదివాసులూ మధ్యలో వచ్చినవాళ్లేనంటే, వాళ్లను వెళ్లగొట్టడం తప్పుగా అనిపించదు. వాళ్లను మిసిసిపీ నది అవతలికి పంపే చట్టం అప్పటికే, 1830లోనే వచ్చింది.

చివర్లో ఒక తేనెటీగ వస్తుంది. మనిషితో పాటే సముద్రం దాటి వచ్చిన వలసజీవి అంటాడు దాన్ని. ఆ రొదలో అతనికి రాబోయే జనం సందడి వినిపిస్తుంది: పిల్లల నవ్వులు, ఆడపిల్లల మాటలు, ఆదివారం ప్రార్థనలు. ఇంతలో గాలి వీచి కల చెదిరిపోతుంది. జనసంచారం లేని ఆ నేల మీద నేనొక్కణ్ణే ఉన్నానంటూ కవిత ముగుస్తుంది.

ఒక్కడే ఉన్నాడా? ఆ 1832 వేసవిలోనే సాక్ అనే ఆదివాసీ తెగ నాయకుడు బ్లాక్ హాక్ తన ఊరి నేల కోసం, ఆడవాళ్లనూ పిల్లలనూ వెంటబెట్టుకుని మిసిసిపీ దాటి ఇల్లినాయ్‌కి తిరిగొచ్చాడు. సైన్యం తరిమింది. ఆగస్టులో మళ్లీ అదే నది దాటబోతుండగా ఆ జనంలో ఎంతోమందిని ఒడ్డునా నీళ్లలోనూ కాల్చి చంపారు. మరుసటి ఏడు బ్లాక్ హాక్ తన కథ తానే చెప్పి రాయించాడు. ఈ కవిత చదివినవాళ్లు ఆ పుస్తకం కూడా చదవాలని నా కోరిక.