గోడకు వయసు తేవడం

శ్రోతలకు నమస్కారం.

తెర మీద ఓ పాత ఇంటి గది కనిపిస్తుంది. ముప్ఫై ఏళ్లుగా ఒకే కుటుంబం కాపురమున్న ఇల్లని నమ్మేస్తాం. ఆ గోడ లేచి నాలుగు రోజులే అయి ఉండొచ్చు. దానికి ముప్ఫై ఏళ్ల వయసు తెచ్చేది సినిమా సెట్ల రూపురేఖలు తీర్చే ప్రొడక్షన్ డిజైనర్, ఆయన దగ్గరి పెయింటర్లు. ఆ హోదాకు పేరు పడింది 1939లో, ‘గాన్ విత్ ద విండ్’ అనే హాలీవుడ్ సినిమాకు పనిచేసిన విలియం కామెరాన్ మెంజీస్‌తో. చరిత్ర ఇంతటితో చాలు, గోడ దగ్గరికి వద్దాం.

చెక్క ఫ్రేములకు ప్లైవుడ్ కొట్టి, నాలుగడుగుల వెడల్పు, ఎనిమిదడుగుల ఎత్తు పలకలు నిలబెడతారు. ఒక గోడైనా ఊడదీసేలా ఉండాలి, లేకుంటే చిన్న గదిలో కెమెరా వెనక్కి జరగదు. అతుకుల మీద గుడ్డపట్టీ అంటించి, పుట్టీ పెట్టి, ఆరాక గరుకు కాగితంతో రుద్దుతారు. తడి పుట్టీ మీదే రంగేస్తే లైట్ల వేడికి అతుకు పగులుతుంది. అసలు గోడ వంకరటింకరగా పగులుతుంది, సెట్టు గోడ గీత గీసినట్టు నిలువునా పగులుతుంది. గుట్టు అక్కడే బయటపడుతుంది.

ఇక వయసు. మొదట గోడంతా పూసే మూల రంగు తెల్లగా మెరవకూడదు, మెరిస్తే నటుడి ముఖం కన్నా గోడే వెలిగిపోతుంది. కాస్త బూడిద రంగు కలిపి తగ్గించాలి. తర్వాత ఒకటే ప్రశ్న: ఈ గదిలో ఎవరి చెయ్యి ఎక్కడ పడుతుంది? స్విచ్చు చుట్టూ, తలుపు అంచున, మంచం పక్కన తల ఆనే చోట. జిడ్డు అక్కడే పట్టాలి. కిటికీ మూలల నుంచి వాన చారలు దిగాలి. పటం తీసేసిన చోట మాత్రం రంగు మాయకుండా ఉండాలి. ఒక్క మాట లేకుండా ఎవరో వెళ్లిపోయారని చెప్పే ఆ చదరమంటే నాకు మహా ఇష్టం.

మట్టిరంగులో నీళ్లు బాగా కలిపి పల్చగా పూయాలి, ఆరకముందే తడిగుడ్డతో అద్ది తీసేయాలి. పూయాలి, తీయాలి. ఆరాక మళ్లీ పూయాలి, మళ్లీ తీయాలి. ఒకేసారి చిక్కగా పూస్తే మురికిలా ఉండదు, పూసిన రంగులాగే ఉంటుంది. గోడంతా సమానంగా మాపినా అంతే.

ఈ వృత్తిలోకి చాలామంది సహాయకులుగానే వస్తారు. స్క్రిప్టు చదివి ప్రతి సీనుకూ స్థలం, వేళ, సామాను రాసుకోవడం, 1:50 కొలతలో, అంటే అసలులో యాభయ్యో వంతుగా, ప్లాను గీయడం అక్కడే అలవడతాయి. వాళ్లకొక్క మాట. వట్టి కంటితో చూసి సరేననకండి. షూటింగుకు ముందే, వాడబోయే లైట్లలోనే, కెమెరా మానిటర్‌లో చూడండి. కంటికి చాలనిపించిన మరక అక్కడ కనబడకపోవచ్చు, లేదా సీనునే మింగేయొచ్చు. ఎక్కువైన చోట మూల రంగు కొంచెం అద్దాలి. అందుకే ఆ రంగు ఒక డబ్బాడు, మూత బిగించి దాచుకోండి. మళ్లీ కలిపితే అదే ఛాయ రాదు.