ప్యాచ్ నోట్స్‌కి పర్యాయపదాలా? బఫ్‌ని నెర్ఫ్ చేసేశారు కదరా!

ముందు ఈ లైన్ వినండి. “ఆ హీరో చల్లారే సమయం 12 నుంచి 10 సెకన్లకు క్షీణించింది. దీంతో అతని శక్తి సన్నగిల్లింది.”

నవ్వొచ్చిందా? నాకు మాత్రం ఒళ్లు మండుతుంది. ఇది నేను కల్పించిన ఉదాహరణే, కానీ గేమ్ అప్‌డేట్ వచ్చిన రోజు సెర్చ్ చేసినవాళ్లకి ఈ వాసన బాగా తెలుసు. గేమ్‌లో ఏం మార్చారో కంపెనీ చెప్పే జాబితానే ప్యాచ్ నోట్స్. కొన్ని సైట్లు దాన్ని కాపీ కొట్టి, దొరక్కుండా సాఫ్ట్‌వేర్‌తో మాటలకి పర్యాయపదాలు పెట్టించేస్తాయి. అసలు లైన్ ఇలా ఉంటుంది: “కూల్‌డౌన్ 12 సెకన్ల నుంచి 10 సెకన్లకు తగ్గించాం.” అంతే. కూల్‌డౌన్ అంటే ఒక స్కిల్ వాడాక మళ్లీ వాడటానికి ఆగాల్సిన టైమ్. అది తగ్గిందంటే స్కిల్ 2 సెకన్లు ముందే మళ్లీ చేతికొస్తుంది. అది బఫ్ బాబూ, అంటే బలం పెంచడం! ఆ సైటువాడేమో ‘తగ్గించాం’ తీసి ‘క్షీణించింది’ పెట్టాడు, ఆ మాట ఏడుపుగొట్టుగా ఉంది కాబట్టి పక్కన ‘సన్నగిల్లింది’ తగిలించాడు. హీరో బలం పెరిగితే మనకి చావు కబురు చెప్పాడు.

అందుకే గట్టిగా చెప్తున్నా. ప్యాచ్ నోట్స్‌లో పర్యాయపదం అనేదే లేదు. లేదంటే లేదు. అక్కడ ప్రతి మాటా ఒక రూల్. మాట మార్చావంటే రూల్ మార్చినట్టే.

ఓవర్‌వాచ్ గేమ్ తీసుకోండి. హెల్త్, ఆర్మర్, షీల్డ్ మూడూ వేరు. ఆర్మర్ ఉంటే తగిలే దెబ్బ తగ్గుతుంది. షీల్డ్ కాసేపు దెబ్బ తగలకపోతే తనంతట తానే నిండుతుంది. మన పర్యాయపదాల పంతులుగారికి ఆర్మర్ అన్నా కవచమే, షీల్డ్ అన్నా కవచమే. “కవచం పెంచారు” అని రాస్తాడు. ఏ కవచం స్వామీ? ఆడేవాడు ఏ హీరోని ఎంచుకోవాలి?

మైన్‌క్రాఫ్ట్‌లో ‘మాబ్’ అంటే ఆ ప్రపంచంలో తిరిగే జీవి. ఆవు కూడా మాబే. దాన్ని ‘అల్లరిమూక’ చేస్తే? ‘స్కిన్’ని, అంటే క్యారెక్టర్ వేషాన్ని, చర్మం చేస్తే, ‘బాస్’ని, అంటే పెద్ద విలన్‌ని, యజమాని చేస్తే? “యజమానిని చంపితే కొత్త చర్మం లభిస్తుంది.” ఇది గేమ్ వార్తా, క్రైమ్ వార్తా?

బఫ్‌కి రివర్స్ అయిన నెర్ఫ్ అనే మాటే చూడండి. అది నురుగు తూటాలు పేల్చే బొమ్మ తుపాకుల బ్రాండ్. గేమ్‌లో మంచి ఆయుధాన్ని నీరుగారిస్తే ‘బొమ్మ తుపాకీ చేసేశారు’ అని ప్లేయర్లు వెక్కిరించారు, మాట అలా నిలబడిపోయింది. ఆ ఉక్రోషం ‘బలహీనపరిచారు’లో ఎక్కడుంది?

మన భాషలో వెతికినా ఇదే ప్రమాదం. ‘హరి’ అంటే విష్ణువు, సింహం, కోతి, గుర్రం, కప్ప కూడా! “హరి ప్రత్యక్షమయ్యాడు” అనే వాక్యాన్ని సాఫ్ట్‌వేర్ చేతిలో పెట్టండి. కప్ప ప్రత్యక్షమవుతుంది.

ఇది గేమ్ సైట్ల జబ్బే అనుకోకండి. 2021లో గియోమ్ కబనాక్, సిరిల్ లబ్బే, అలెగ్జాండర్ మగజినోవ్ అనే ముగ్గురు సైన్స్ పేపర్లలోనే ఈ భాగోతం బయటపెట్టారు. ఆర్టిఫిషియల్ ఇంటెలిజెన్స్ అని ఉండాల్సిన చోట ‘కౌంటర్‌ఫీట్ కాన్షియస్‌నెస్’ అని ఉంది. అంటే నకిలీ చైతన్యం! వీటికి వాళ్లు పెట్టిన పేరు ‘టార్చర్డ్ ఫ్రేజెస్’. మాటల్ని చిత్రహింస పెట్టడమే కదా మరి.

ఇక నా థియరీ. కొట్టిపారేయండి, పర్లేదు. వీళ్లు మన కోసం రాయట్లేదు. అప్‌డేట్ పడగానే అందరూ ఒకే మాట సెర్చ్ చేస్తారు. ఆ మొదటి కొన్ని గంటల్లో పేజీ పైకి రావాలి, కాపీ అని మాత్రం దొరక్కూడదు. దొంగ బండికి నంబర్ ప్లేట్ మార్చినట్టు మాటలు మారుస్తారు. 2024 మార్చిలో గూగుల్ రూల్స్ బిగించింది: ర్యాంకు కోసమే కుప్పలుగా పోసిన పేజీలైతే మనిషి రాసినా మెషిన్ రాసినా స్పామే అంది. ఆగారా మరి?

మెషిన్ తను తిరగరాసేది అర్థం చేసుకుని చదువుతుందా అని అడుగుతారేమో, గ్లోర్బో గుర్తుందిగా! 2023 జూలైలో వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ గేమ్ ప్లేయర్లు గ్లోర్బో వచ్చేస్తోందని ఊరికే సంబరాలు చేశారు. గ్లోర్బో అనేదే లేదు. బాట్లు నడిపే న్యూస్ సైట్లు దీని మీద ఆర్టికల్ వేస్తే బాగుండు అని పోస్ట్‌లోనే రాశారు కూడా. ఒక సైట్ ఆర్టికల్ వేసింది. ఆ వాక్యంతో సహా!

నిజం చెప్పనా, నాకు పాత స్పిన్ ఆర్టికల్సే, అంటే పర్యాయపదాల సాఫ్ట్‌వేర్ తిప్పి రాసినవే, నయం. ‘చల్లారే సమయం’ కనబడగానే దొంగ దొరికిపోయేవాడు. ఇప్పుడు ఏఐ తిరగరాస్తే భాష నున్నగా ఉంటుంది, తప్పు లోపల నక్కుతుంది. క్రిట్ ఛాన్స్, అంటే దెబ్బ మామూలుకన్నా గట్టిగా తగిలే అవకాశం, 5 శాతం ఉందనుకోండి. “10 శాతానికి పెరిగింది” అంటే 10 అయింది. “10 శాతం పెరిగింది” అంటే లెక్క ప్రకారం 5.5. ఒక్క విభక్తి ఎగిరిపోతే మీ హీరోకి కూర్చుకున్న సెటప్, అదే బిల్డ్, మొత్తం ఎగిరిపోతుంది. ఆ వాక్యం చదివి ఎవడూ నవ్వడు కూడా.

సరే, వీడియో అయిపోయింది. లైక్, షేర్, సబ్‌స్క్రైబ్, బెల్ ఐకాన్ సంగతి మీకు తెలుసు. వాళ్ల భాషలో కూడా చెప్పేస్తాను: ఇష్టపడండి, వాటా పంచండి, మా కాలువకు చందా కట్టండి, గంట ప్రతిమను పిసకండి. ఉంటాను!