1958 ఎల్‌ఎస్‌యూ: ఒక్క జట్టులో మూడు జట్లు

[తెర మీద: టైగర్ స్టేడియం, బేటన్ రూజ్, లూసియానా. నలుపు-తెలుపు ఫుటేజ్]

1957లో ఐదు గెలిచి ఐదు ఓడిన జట్టు, 1958లో ఆడిన పదకొండూ గెలిచి అమెరికా కాలేజీ ఫుట్‌బాల్ (సాకర్ కాదు, బంతి చేత్తో పట్టుకుని పరుగెత్తే ఆట) ఛాంపియన్ అయింది. అదే లూసియానా స్టేట్ యూనివర్సిటీ, ఎల్‌ఎస్‌యూ. ఈ పేరు ఎత్తగానే హాఫ్‌బ్యాక్, అంటే బంతి పట్టుకుని పరుగెత్తే ఆటగాడు, బిల్లీ కానన్ గుర్తొస్తాడు. 1959లో కాలేజీ ఫుట్‌బాల్ ఉత్తమ ఆటగాడికిచ్చే హైస్‌మన్ ట్రోఫీ అందుకున్నవాడు, పేరు ఊరికే రాలేదు. కానీ ఈ సీజన్ అర్థం కావాలంటే ముందు ఒక రూల్ తెలియాలి.

[తెర మీద: మైదానం బొమ్మ. అఫెన్స్ ఎర్రచుక్కలు, డిఫెన్స్ నీలిచుక్కలు]

ఇప్పటి ఆటలో బంతి మన దగ్గరుంటే అఫెన్స్ పదకొండుమంది దిగుతారు, అవతలివాళ్లకి పోగానే డిఫెన్స్ పదకొండుమంది వస్తారు. ఎన్నిసార్లు మార్చినా అడిగేవాళ్లు లేరు. 1953లో కాలేజీ ఆటలో ఈ స్వేచ్ఛ తీసేశారు. 1958 నాటికి కాస్త సడలించినా, బయటికెళ్లిన ఆటగాడు ఆ క్వార్టర్‌లో (ఆటలో నాలుగో వంతు, పదిహేను నిమిషాలు) తిరిగి రాగలిగేది ఒక్కసారే. క్రికెట్ లెక్కలో చెప్పాలంటే, పదకొండుమందీ ఆల్‌రౌండర్లే కావాలి. అలాంటివాళ్లు ఏ కోచ్‌కైనా ఎంతమంది దొరుకుతారు?

కోచ్ పాల్ డీట్జెల్ దగ్గర సరిగ్గా ఒక జట్టుకి సరిపడా ఉన్నారు. వాళ్లని వైట్ టీమ్ అన్నాడు. కానన్, క్వార్టర్‌బ్యాక్ (అఫెన్స్‌ని నడిపించి పాస్‌లు విసిరేవాడు) వారెన్ రాబ్ ఇందులోవాళ్లే, అఫెన్స్, డిఫెన్స్ రెండువైపులా ఆడతారు. మిగిలినవాళ్లని రెండుగా విడగొట్టాడు. బంతి పట్టుకుని పరుగెత్తగలవాళ్లు గో టీమ్. ముందు 'గోల్డ్' అనేవారు, పిలిచీ పిలిచీ కుదించేశారు. అడ్డుకోవడం తప్ప మరేదీ అంతగా రానివాళ్లు మూడో గుంపు, చైనీస్ బాండిట్స్. ఒక కామిక్ స్ట్రిప్ నుంచి తెచ్చిన పేరది. అప్పట్లో అభిమానులు కోసు టోపీలు పెట్టుకుని మురిసిపోయారు. ఇవాళ చూస్తే ఎబ్బెట్టుగానే ఉంటుంది. 'వైట్' అన్నది మాత్రం జెర్సీ రంగు. ఒంటిరంగు సంగతికొస్తే మూడు గుంపులూ తెల్లవాళ్లే. ఎల్‌ఎస్‌యూ ప్రధాన జట్టులోకి నల్లజాతి ఆటగాళ్లు 1972లో గానీ రాలేదు.

[తెర మీద: పదిహేను నిమిషాల గడియారం, రెండు ముక్కలుగా]

ఇప్పుడు ఒక క్వార్టర్ నడిపి చూద్దాం. మొదటి సగం వైట్ టీమ్ రెండువైపులా ఆడుతుంది. తర్వాత మొత్తం పదకొండుమందినీ ఒకేసారి బయటికి పిలుస్తారు. బంతి మనదైతే గో టీమ్, కాకపోతే బాండిట్స్. ఇబ్బంది ఎక్కడంటే, గో టీమ్ దిగి రెండోసారి బంతి ఆడగానే జారవిడిచిందనుకోండి. బాండిట్స్ రావాలి, గో టీమ్ వెళ్లాలి. మళ్లీ బంతి దొరికితే గో టీమ్ వస్తుంది, అక్కడితో దాని లెక్క అయిపోయింది. ఈసారీ బంతి పోతే బాండిట్స్ కూడా తమ ఆఖరిసారి దిగుతారు. ఆ తర్వాత బంతి దొరికితే, అఫెన్స్ సాధన అంతగా లేని బాండిట్స్‌నే అలాగే నిలబెట్టాలి, లేదా విశ్రాంతిలో ఉన్న వైట్ టీమ్‌ని ముందే లేపాలి. అందుకే సైడ్‌లైన్ మీద ఎవరు ఎన్నిసార్లు దిగారో లెక్క తప్పకూడదు.

లాభమేంటో చివరి క్వార్టర్‌లో తెలుస్తుంది. అవతలి జట్టు ముఖ్య ఆటగాళ్లు అప్పటికి రొప్పుతుంటారు, కానన్ ఊపిరి తీసుకుని వస్తాడు.

అన్నీ తేలిగ్గా ఏమీ రాలేదు. టులేన్ మీద 62-0 సరే, ఫ్లోరిడా మీద 10-7తో బయటపడ్డారు. జాక్సన్‌లో బురదలో మిసిసిపీ స్టేట్ మీద 7-6. చెరో టచ్‌డౌన్ (గోల్‌లైన్ దాటిస్తే ఆరు పాయింట్లు), ఆ తర్వాత తన్నే ఒక్క ఎక్స్‌ట్రా పాయింట్ తేడా!

[తెర మీద: షుగర్ బౌల్, న్యూ ఆర్లీన్స్, 1959 జనవరి 1]

ఆఖరి ఆట, సీజన్ చివర ఆడే 'బౌల్' ఆట, క్లెమ్సన్ యూనివర్సిటీతో. రాబ్ చెయ్యి విరిగింది. మూడో క్వార్టర్‌లో క్లెమ్సన్ పంట్ కొట్టబోతే (బంతిని దూరంగా తన్ని అవతలివాళ్లకి వదిలేయబోతే), సెంటర్ అనే ఆటగాడు వెనక్కి విసిరిన బంతి తమవాడి కాలికే తగిలి పక్కకి దొర్లింది. ఎల్‌ఎస్‌యూ ఆటగాడు డ్వేన్ లెపర్డ్ దాని మీద పడ్డాడు, గోల్‌లైన్‌కి పదకొండు గజాల దూరంలో. కాసేపటికి కానన్ కుడివైపు పరుగు తీస్తూ, అందరూ పరుగే అనుకుంటుండగా, తొమ్మిది గజాల పాస్ విసిరాడు. గోల్‌లైన్ అవతలి ఎండ్‌జోన్‌లో మికీ మాంగమ్ పట్టుకున్నాడు. ఎక్స్‌ట్రా పాయింట్ కూడా కాననే తన్నాడు. 7-0.

ఇంకో తమాషా ఏంటంటే, ఈ ఆట ఓడిపోయినా ఎల్‌ఎస్‌యూ ఛాంపియన్ హోదా పోయేది కాదు. ఛాంపియన్ ఎవరో తేల్చేది ఓటింగే. అప్పట్లో అసోసియేటెడ్ ప్రెస్ (ఏపీ) వార్తాసంస్థ ఆఖరి ఓటింగ్ బౌల్ ఆటలకి ముందే, డిసెంబర్‌లోనే ముగించేసేది.