మోటర్ షెడ్డులో నుంచున్నావు

అందరికీ నమస్కారం. ఫ్యాను గాలికి తెర ఊగుతోంది, సినిమా వేసేలోపు ఎవరైనా ఆ పక్క ఫ్యాను కట్టేస్తే బాగుంటుంది. ఈలోగా నాలుగు మాటలు.

ఇరవై ఏళ్లు బొమ్మలు వేసినవాడివి, కథా కమామీషూ లేని ఈ సినిమాలేంటి అని విజయవాడలో ఎవరు కలిసినా అడుగుతున్నారు. ఇది నాతో మొదలైంది కాదండీ. చిత్రకారుడు ఎం.ఎఫ్. హుస్సేన్ 1967లోనే ప్రభుత్వ డాక్యుమెంటరీ సంస్థ ఫిల్మ్స్ డివిజన్ కోసం రాజస్థాన్‌లో కథ లేని సినిమా తీసి బెర్లిన్ చిత్రోత్సవంలో గోల్డెన్ బేర్ బహుమతి తెచ్చుకున్నారు. ఇంకో చిత్రకారుడు తయబ్ మెహతా 1970లో తీసినదాని పేరు 'కూడల్'. తమిళ మాట, మన కూడలికి చుట్టం. కాన్వాసు మీద ఎన్నోసార్లు వేసిన ఎద్దునే ఆయన ముంబైలో బాంద్రా కబేళాకి వెళ్లి మళ్లీ కెమెరాతో పట్టుకున్నారు. ఎందుకో నాకిప్పుడు కాస్త అర్థమవుతోంది.

నా ఎద్దు ఒక అరటితోట. బ్యారేజీ దాటి తుళ్ళూరు వైపు వెళ్తే, కృష్ణ ఒడ్డున మా నాయనమ్మకి రెండెకరాల జరీబు ఉండేది. ఏడాది పొడుగునా పైరుండే నేల. 2015లో రాజధాని కోసం 33 వేల ఎకరాల పైచిలుకు సమీకరించారు కదా, అందులో అదీ వెళ్లింది. అప్పట్నుంచీ ఆ తోటనే వేస్తూ వచ్చాను. తొమ్మిదో బొమ్మ దగ్గర అనుమానమొచ్చింది, నేను ఎనిమిదో బొమ్మని గుర్తు తెచ్చుకుని వేస్తున్నానేమో అని. అదే ఆకుపచ్చ, అదే ఎండ, ఎప్పుడు చూసినా సాయంత్రం నాలుగే!

సరే, ఓ రోజు కెమెరా పట్టుకుని నాయనమ్మని అక్కడికి తీసుకెళ్లాను. ఏముంది, రోడ్డు, డివైడరు, తుమ్మచెట్లు. ఆవిడ కాసేపు ఎటూ పాలుపోక చూసి, కాలవ తూము దగ్గరికి వెళ్లి, చెప్పులు విడిచి, తారు కాలుతున్నా సరే, అక్కడినుంచి అడుగులు లెక్కపెట్టడం మొదలుపెట్టింది. నలభైకి ఆగి "ఇది గట్టు" అంది. నేనేమో టెన్షన్‌లో ఆటో ఎక్స్‌పోజర్, అంటే వెలుగుని కెమెరా తనంతట తనే సర్దుకునే మీట, తీసేయడం మర్చిపోయాను. ఆవిడ తెల్లచీర దగ్గరికొస్తే ఫ్రేమంతా చీకటి పడుతుంది, దూరం వెళ్తే వెలుగొస్తుంది. ఇంటికొచ్చి చూసుకుని తల పట్టుకున్నా. రెండ్రోజులు సరిచేయబోయి వదిలేశాను, కుంచెతో అంత మంచి ఆలోచన నాకు ఇరవై ఏళ్లలో రాలేదు మరి.

పాత ఫొటోలు కలపమన్నారు మిత్రులు. కలపలేదు. మీకు కనిపించేదంతా రోడ్డే, తోట ఆవిడ మాటల్లో వినాలి.

ఒకచోట కెమెరా ఉన్నట్టుండి పక్కకి జరుగుతుంది, ఎడిటింగ్ తప్పనుకోకండి. "ఒరేయ్, ఇవతలికి రారా, మోటర్ షెడ్డులో నుంచున్నావు, షాక్ కొడుతుంది" అని కసిరింది. నేను జరిగాను.

లైట్లు తీసేయండి. ఆ ఫ్యాను కూడా.