జిమ్ ఫారంలో సంతకం పెట్టేశాం, దెబ్బ తగిలితే ఇక అంతేనా?

(తెర మీద: జిమ్ చేరిక ఫారం, చివరి పేరా)

"వ్యాయామం చేసేటప్పుడు గాయమైనా, ప్రాణం పోయినా యాజమాన్యానికి సంబంధం లేదు." చీమ తలకాయంత అక్షరాలు. బరంపురంలో చేరినా, రాయగడలో చేరినా దాదాపు ఇదే మాట. ఉండేది ఇంగ్లీషులోనో ఒడియాలోనో. కౌంటర్ దగ్గర కుర్రాడు "ఊరికే ఫార్మాలిటీ అన్నా" అంటాడు, గీకేస్తాం. రేపు దెబ్బ తగిలితే ఆ కాగితమే తీసి మొహాన పెడతారు.

సంతకానికి విలువే లేదని నేను అనను. ట్రైనర్ వద్దంటున్నా బరువు పెంచి నడుం దెబ్బతీసుకుంటే అది మీ ఖాతాలోదే.

(తెర మీద: మెషీన్ కేబుల్, దగ్గర నుంచి)

ఇది చూడండి. లాట్ పుల్‌డౌన్, అంటే పైనున్న కడ్డీని కిందికి లాగే మెషీన్, దాని కేబుల్. ప్లాస్టిక్ తొడుగు ఊడింది, లోపలి ఇనప తీగలు తెగి ముళ్లలా లేచాయి, పైన నల్ల టేపు చుట్టి నడిపిస్తున్నారు. ఇది తెగి కడ్డీ నెత్తిన పడితే, అది వ్యాయామంతో వచ్చే ప్రమాదం కాదు, మెషీన్ బాగు చేయించనివాళ్ల నిర్లక్ష్యం. 2019 వినియోగదారుల రక్షణ చట్టం 'సేవాలోపం' అంటే ఏమిటో చెప్పేచోటే, నష్టం కలిగించే నిర్లక్ష్యాన్నీ అందులో చేర్చింది.

మరి మనం పెట్టిన సంతకం? 1998లో ఢిల్లీ తాజ్ మహల్ హోటల్‌కి ఒకాయన మారుతీ జెన్‌లో వెళ్లి తాళాలు సిబ్బందికిచ్చాడు. చీటీ మీద 'బాధ్యత యజమానిదే' అని ఉంది. కారు పోయింది. 2019లో సుప్రీంకోర్టు తేల్చింది: తన నిర్లక్ష్యానికి బాధ్యత లేదని చీటీ రాసుకుని హోటల్ తప్పించుకోలేదు. అది హోటల్ కేసు కదా అని జిమ్ తరఫు వకీలు అంటాడు, అననివ్వండి. కారుకే అంత రక్షణ ఉంటే వెన్నుపూసకి ఉండదా అని మన వకీలూ అడుగుతాడు. 'కోర్టుకు వెళ్లను' అని రాయించుకున్నారా? 1872 కాంట్రాక్టు చట్టం 28వ సెక్షన్ ముందు అది నిలవదు. 18 నిండని ఇంటర్ కుర్రాడి సంతకమైతే అసలు ఒప్పందమే కాదు. బ్రిటిష్ కాలంలో మనకి పైకోర్టైన ప్రివీ కౌన్సిల్ 1903లోనే చెప్పిన మాట అది.

ఇక్కడ ఒక మెలిక ఉంది. ఆ షరతే అన్యాయమైన ఒప్పందమని కొట్టేయించాలంటే రాష్ట్ర వినియోగదారుల కమిషన్‌కి, అంటే ఒడిశాలో ఉన్న మనకి కటక్‌కి, వెళ్లాలి. జిల్లా కమిషన్‌కి ఆ అధికారం లేదు. అందుకని జిల్లాలో వేసేటప్పుడు షరతు జోలికి పోకుండా సేవాలోపం అని వేయడమే తెలివైన పని.

నిర్లక్ష్యం రుజువు చేయాల్సింది మాత్రం మీరే. కేబుల్ ఫోటో అప్పటికప్పుడే తీయండి, రాత్రికి కొత్తది బిగించేస్తారు. కేబుల్ పాడైందని అంతకు ముందు ఎవరైనా వాట్సాప్ గ్రూపులో పెట్టి ఉంటే ఆ మెసేజ్ దాచండి. ఆసుపత్రిలో మొహమాటానికి "జారి పడ్డాను" అనకండి. చీటీలో ఎక్కేది అదే, అవతలివాళ్లు చూపించేదీ అదే.

పర్లాకిమిడివాళ్లు చాలామంది అడిగేది: "జిమ్ పాతపట్నంలో ఉంది, కేసు కోసం శ్రీకాకుళం వెళ్లాలా?" అక్కర్లేదు. 2019 చట్టం వచ్చాక మీరు ఉంటున్న జిల్లాలోనే వేయొచ్చు, గజపతి జిల్లా కమిషన్ చాలు. కట్టిన సొమ్ము 5 లక్షల లోపైతే ఫీజు లేదు, జిమ్ మెంబర్‌షిప్ ఎంత ఖరీదైనా అంత ఉండదు. గడువు రెండేళ్లు. ముందు మాట్లాడి చూద్దాం అనుకుంటే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కి ఫోన్ చేయండి.