డ్రాగన్‌ని చంపని, ఎక్కని హీరోయిన్: లేడీ ట్రెంట్ సిరీస్ రివ్యూ

అందరికీ నమస్కారం. ఫాంటసీలో డ్రాగన్ కనిపించిందంటే దాన్ని నరికే వీరుడో, దాని వీపెక్కి తిరిగే రాకుమారో పక్కనే ఉంటారని మనకు అలవాటైపోయింది. ఈరోజు సిరీస్‌లో హీరోయిన్‌కి ఆ రెండూ అక్కర్లేదు. ఆవిడకి కావలసింది ఆ రెక్క ఎముక ఎంత పొడవుందో, అంత బరువైన జంతువు గాల్లోకి ఎలా లేస్తుందో తెలియడం. అంతే.

మేరీ బ్రెన్నన్ రాసిన 'ద మెమొయిర్స్ ఆఫ్ లేడీ ట్రెంట్' గురించి మాట్లాడుతున్నాను. 2013లో 'ఎ నేచురల్ హిస్టరీ ఆఫ్ డ్రాగన్స్'తో మొదలై 2017లో ఐదో పుస్తకంతో ముగిసింది. 2018లో సైన్స్ ఫిక్షన్, ఫాంటసీలకిచ్చే హ్యూగో అవార్డుకి బెస్ట్ సిరీస్ విభాగంలో ఫైనల్ దాకా వెళ్ళింది.

కథంతా ఆత్మకథ. పేరు మోసిన డ్రాగన్ శాస్త్రవేత్త ఇసబెల్లా, అంటే లేడీ ట్రెంట్, వయసు మళ్ళాక తన జీవితం తనే రాసుకుంటుంది. ఇక ఎవరికీ భయపడాల్సిన పని లేని వయసు కదా, ఎవరినీ వదలదు. ముందుమాటలోనే చెప్పేస్తుంది: ఇందులో బురద ఉంటుంది, రోగాలుంటాయి, నేను తీసుకున్న చెత్త నిర్ణయాలుంటాయి, ఇష్టమైతేనే చదవండి అని. నాకు అక్కడే నచ్చేసింది.

మొదటి పుస్తకం ఆరంభం గురించి కాస్త వివరంగా చెప్పాలి. ఇసబెల్లాకి ఏడేళ్ళు. తోట చివర బెంచీ మీద చచ్చిపడిన స్పార్క్‌లింగ్ ఒకటి దొరుకుతుంది. పురుగంత ఉండే రెక్కల జీవి. అమ్మకి చూపిద్దామని పరిగెత్తుకెళ్ళేసరికి అది చేతిలోనే బూడిదైపోతుంది. అమ్మ ఛీ అని చేతులు కడుక్కోమంటుంది. వంటావిడ మాత్రం రహస్యం చెబుతుంది: వెనిగర్‌లో వేస్తే పాడవకుండా ఉంటుందని. తర్వాత అన్నదమ్ముల్లో ఒకడి దగ్గర చాకు కొట్టేసి, పావురాన్ని కోసి, ఛాతీ దగ్గర ఆ చీలిక ఎముక ఎందుకుందో చూస్తుంది. కొన్ని పేజీల్లోనే ఈ పిల్లేంటో మనకి తెలిసిపోతుంది. రచయిత్రి ఎక్కడా "ఈమె చాలా తెలివైనది" అని చెప్పదు.

ఆ వెనిగర్ సంగతి ఊరికే పెట్టింది కాదు. ఈ లోకంలో డ్రాగన్ ఎముక చాలా తేలిక, చాలా గట్టి. కానీ జంతువు చచ్చాక గాలి తగిలితే పొడైపోతుంది. మరి దాన్ని నిలవచేసే పద్ధతి ఎవరికైనా దొరికితే? యంత్రాలు కట్టేవాళ్ళూ, యుద్ధాలు చేసేవాళ్ళూ డ్రాగన్ల మీద పడరా? తను కనిపెట్టే విషయమే తను ప్రేమించే జంతువుల పీక మీదికి వస్తుందన్న టెన్షన్ పుస్తకం తర్వాత పుస్తకంలో వెంటాడుతుంది. నా దృష్టిలో సిరీస్‌కి ప్రాణం ఇదే.

ఇక్కడ మంత్రాలూ మాయలూ వెతక్కండి. ఇసబెల్లా దేశమైన స్కర్లాండ్‌ని చూస్తే అది విక్టోరియా రాణి కాలపు ఇంగ్లండ్ అని వెంటనే తెలుస్తుంది. వాళ్ళ మతానికి మాత్రం యూదు మతం పోలికలుంటాయి. రచయిత్రి ఆంత్రోపాలజీ, జానపద విజ్ఞానం చదువుకున్న మనిషి, అది ప్రతి ఊళ్ళోనూ కనిపిస్తుంది. రెండో పుస్తకంలోని ఎరిగా ఖండంలో అయితే మరీను. పరిశోధనకని వచ్చిన వాళ్ళు తమ దేశ రాజకీయానికి పావులెలా అవుతారో అక్కడ బాగా చూపించింది.

చిన్న స్పాయిలర్, వద్దనుకుంటే ఒక నిమిషం ముందుకి జరపండి. ఇసబెల్లా చిన్న వయసులోనే భర్తని పోగొట్టుకుంటుంది. పసివాణ్ణి ఇంట్లో వదిలేసి రెండో యాత్రకి బయల్దేరుతుంది. లోకం ఏమంటుందో మీకు తెలుసు. భర్త బతికుండి, ఆయనే వెళ్ళుంటే ఎవరైనా అడిగేవారా అని నిలదీస్తుంది, నిజమే. అలాగని కొడుకు మీద తనకి మొదట్లో అంత మమకారం కలగలేదని కూడా దాచదు. ఇలాంటి తల్లిని ఫాంటసీలో నేను ఎక్కువగా చూడలేదు. మూడో పుస్తకంలో అదే కొడుకు జేక్‌ని ఓడలో వెంటబెట్టుకెళ్తుంది. వాళ్ళిద్దరి మధ్య సీన్లు భలే ఉంటాయి.

మైనస్‌లు? ఉన్నాయి. మొదటి పుస్తకంలో విస్ట్రానా కొండల్లోకి చేరాక మధ్యలో కథ నత్తనడక నడుస్తుంది. డ్రాగన్ల కంటే అక్రమ రవాణాదారుల గొడవ ఎక్కువైంది. పైగా ముసలావిడ "ఇది తర్వాత చెబుతాను" అని ఊరిస్తుంటుంది, నాకు ఒకటి రెండు చోట్ల చిరాకేసింది. అందుకే నా సలహా, మొదటిది చదివి "ఓకే, పర్లేదు" అనిపించినా ఆపకండి. రెండోది దానికంటే చాలా మెరుగు.

పుస్తకమే కొనండి, ఎందుకంటే టాడ్ లాక్‌వుడ్ బొమ్మలున్నాయి. ఇసబెల్లా నోటుబుక్కులో గీసుకున్న స్కెచ్‌లన్నట్టు వేశాడు. అట్ట మీది డ్రాగన్ అయితే చర్మం, కండ, ఎముక పొరలు పొరలుగా విప్పినట్టుంటుంది. ఆడియో వినేవాళ్ళకి కేట్ రీడింగ్ అనే ఆవిడ గొంతు ఉంది, ఆ వ్యంగ్యానికి సరిగ్గా సరిపోయింది.

ఐదో పుస్తకం, మృత్యహైమా మంచుకొండల గురించి మాత్రం ఒక్క ముక్క కూడా చెప్పను. కింద కామెంట్లలో మీరూ చెప్పకండి, ప్లీజ్. చదివేలోపు ఇంటర్నెట్‌లో సిరీస్ పేరు కొట్టి వెతక్కపోవడం ఇంకా మంచిది.